స్పర్శావర్తన కాలనీ

ఏప్రిల్ 9

మట్టి డాక్టరమ్మకి,

అక్కా, నువ్వు ఉత్తరం రాసి ఎన్నాళ్ళయిందో లెక్కపెట్టడం మానేశాను. లెక్కపెడితే కోపం వస్తుంది, కోపం వస్తే నా దస్తూరీ చెడుతుంది, దస్తూరీ చెడితే మా సూపరింటెండెంటు ఊరుకోడు. ఫోను చెయ్యొచ్చు కదా అంటావు. మా ఆఫీసుకు ఉన్న ఒక్క ఫోనూ ఆయన బల్ల మీదే ఉంది. దాంట్లో ఇంటి సంగతులు మాట్లాడామంటే ఆయన్ని కూడా మనింట్లో కలుపుకున్నట్టే.

పని ఉండే రాస్తున్నాను. మా శాస్త్ర పదకోశం నడిచి నడిచి ఇంగ్లీషు అక్షరాల్లో 'టి' దగ్గరికి చేరింది. పేకముక్కలు పంచినట్టు తలా కొన్ని మాటలు పంచారు. నా వాటాకు వచ్చిన వాటిలో ఒకటి 'థిక్సోట్రొపీ'. నోరు తిరగడానికే ఒక పూట పట్టింది. కమిటీలో ఉన్న రసాయనశాస్త్రం పెద్దాయన, అది రంగుల డబ్బాలకు సంబంధించిన మాట అన్నాడు. వైద్యం పెద్దాయన, కాదు, మోకీళ్ళలో ఉండే జిగురుకు సంబంధించినది అన్నాడు. ఇద్దరూ వాదించుకుంటుంటే టీలు చల్లారిపోయాయి. అప్పుడు నేను లేచి మాట పుట్టుక చెప్పాను. గ్రీకులో 'థిక్సిస్' అంటే తాకడం. 'ట్రొపీ' అంటే మలుపు తిరగడం. ఆ రెండింటినీ తెచ్చి ఎవరో శాస్త్రవేత్తలు మొన్నమొన్ననే అతికించారు. తాకితే మారేది, అంతే. ఎంత ముద్దుగా ఉందో చూడు. నేను దానికి 'స్పర్శావర్తనం' అని పేరు కట్టాను. గదిలో అందరూ తలలూపారు. దేనికీ తల ఊపని సూపరింటెండెంటు కూడా ఊపాడు.

నిజానికి ఈ మాట నాకు కొత్త కాదు. పోయిన చలికాలంలో పిన్ని రాసింది. వాళ్ళ ఇళ్ళున్న వాలు మట్టిని ఏదో పరీక్షల ఆఫీసు వాళ్ళు తవ్వి తీసుకెళ్ళారట. తర్వాత వచ్చిన రిపోర్టును కాలనీ గేటు దగ్గర బోర్డుకు అంటించారట. రిపోర్టంతా తెలుగే, మధ్యలో ఈ ఒక్క మాట తప్ప. 'నువ్వు మాటల ఆఫీసులో ఉన్నావు కదరా, ఇదేమిటో చెప్పు, ఇక్కడ అందరూ నన్నే అడుగుతున్నారు' అని రాసింది. నేను పేజీ నిండా రాసి పంపాను. ఆ పేజీ పట్టుకుని పిన్ని కాలనీ అంతా తిరిగిందట. ఇస్త్రీ బట్టలతో పాటు నా పాండిత్యాన్ని కూడా ఇంటింటికీ పంచి వచ్చిందన్నమాట.

మీ మట్టివాళ్ళు ఈ మాటను ఎలా వాడతారో ఒక చిన్న ఉదాహరణ రాసి పంపు. పుస్తకంలో వేసుకుంటాను. ఇంకోటి. నువ్వు నెలల తరబడి రాలేదని పిన్ని ప్రతి ఉత్తరంలోనూ రాస్తోంది.

నీ తమ్ముడు, మాటల దుకాణం


ఏప్రిల్ 17

నిఘంటువుకి,

నీ ఉత్తరం అందింది. ఉదాహరణ అడిగావు కాబట్టి చెబుతున్నాను.

ఒక సీసాలో తడి బంకమన్ను పెట్టి కొన్నాళ్ళు కదపకుండా ఉంచు. గట్టిగా ఉంటుంది. వేలితో నొక్కినా పెద్దగా దిగదు. సీసాను బోర్లిస్తే కూడా కింద పడదు. ఇప్పుడు ఆ సీసాను బల్లకేసి నాలుగు దెబ్బలు కొట్టు. ఆ మన్నే జారిపోతుంది, గరిటె జారుగా. మళ్ళీ కదపకుండా పెడితే మళ్ళీ గట్టిపడుతుంది. నీళ్ళు కలపలేదు, తియ్యలేదు. ఊపడం ఒక్కటే తేడా. గోడకు వేసే రంగు కూడా ఇంతే. కుంచె కింద జారుతుంది, గోడ మీద నిలబడుతుంది. అందుకే మీ రసాయనం ఆయన రంగుల డబ్బా అన్నాడు. మోకీళ్ళ ఆయన చెప్పిందీ తప్పు కాదు. ఇద్దరికీ వేడి టీ ఇప్పించు.

ఆ మాట కట్టినవాళ్ళు దాన్ని గాజు గొట్టంలో చూశారు. గాజు గొట్టంలో చూస్తే నీకు అనిపించినంత ముద్దుగానే ఉంటుంది. నీ స్పర్శావర్తనం నాకు నచ్చలేదు. తీసెయ్. పుట్టుక చెబుతోంది తప్ప ఏం జరుగుతుందో చెప్పడం లేదు.

పిన్నికి రాసిన పేజీలో సరిగ్గా ఏముంది? నకలు ఉంటే వెంటనే పంపు. ఆ వాలు మీద కొత్తగా ఏమైనా కట్టబోతున్నారా? పిన్నిని అడిగి రాయి. నేను అడిగానని చెప్పకు.

ఇక్కడ పని ఎక్కువగా ఉంది. పిన్ని దగ్గరికి రావడానికి తీరడం లేదు.

అక్క


ఏప్రిల్ 25

అక్కకి,

నీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి కోపం వచ్చింది. రెండోసారి ఇంకా ఎక్కువ వచ్చింది. తమ్ముడు ఒక మాట కట్టాడు, పదిమంది పెద్దలు బాగుందన్నారు, నీకు ఒక్కదానికే నచ్చలేదు. చిన్నప్పుడు నేను పలక మీద గీసిన బొమ్మ చూసి 'దీనికి కాళ్ళెక్కడ' అని అడిగేదానివి గుర్తుందా? ఇప్పటికీ కాళ్ళే వెతుకుతున్నావు.

నకలు అడిగావు. నేను రాసుకున్న చిత్తు ఉంది. ముఖ్యమైన భాగం ఇది: 'పిన్నీ, ఇది గ్రీకు మూలాల నుంచి వచ్చిన మాట. తాకిడికి స్పందించి మారే గుణం అని అర్థం. మన భాషలో స్పర్శావర్తనం అనవచ్చు. ఇది చాలా అరుదైన గుణం. అన్ని నేలలకూ ఉండదు.' ఇందులో అబద్ధం ఎక్కడుందో మట్టి డాక్టరు గారే చెప్పాలి.

ఇంకో సంగతి విను, ఒళ్ళు మండుతుందేమో. పిన్ని వాళ్ళ కాలనీకి ఇన్నాళ్ళూ పేరు లేదు కదా, వాలు ఇళ్ళు అనేవాళ్ళు. రిటైరైన బస్సు కండక్టరు ఒకాయన అక్కడ సెక్రటరీ. ఆయనకు నా మాట ఎంత నచ్చిందంటే గేటు మీద నీలం రంగుతో 'స్పర్శావర్తన కాలనీ' అని రాయించాడు. నేల మంచిదని శాస్త్రం చెప్పిన కాలనీ ఈ చుట్టుపక్కల ఇదొక్కటేనని వచ్చినవాళ్ళందరికీ చెబుతున్నాడట. నేను బతికుండగానే నా మాట ఒక గేటెక్కింది.

కొత్త కట్టడం సంగతి అడిగావు. వాలు పైన నీళ్ళ ట్యాంకు కడతారట. వచ్చే నెల మధ్యలో ఇనుప స్తంభాలను నేలలోకి దిగగొట్టే యంత్రం వస్తుందట. కట్టేవాళ్ళు మీకేమైనా అభ్యంతరమా అని అడిగితే, సెక్రటరీ బోర్డు మీది రిపోర్టునూ నా పేజీనీ చూపించి, మా నేలకేం భయం అన్నాడట. అందరూ సంతకాలు చేశారు. పిన్ని కూడా చేసింది.

ఇక నువ్వు రాకపోవడం గురించి. పిన్ని ఏమనుకుంటోందో నీకు తెలుసా? 'దానికి పెద్ద ఉద్యోగం వచ్చింది, నా ఇస్త్రీ కొట్టుకు రావాలంటే సిగ్గుగా ఉందేమో, పోనీలే' అని రాసింది. ఆ పోనీలే దగ్గర ఉత్తరం మడిచి పెట్టేశాను. అమ్మ పోయాక ఆ కొట్టులోనే కదా మనిద్దరం బట్టల మూటల మధ్య పెరిగాం. ఆ బొగ్గుల పెట్టెతో కాలిన చేతులే కదా నిన్ను చదివించాయి. సిగ్గుపడాల్సింది దాన్ని చూసి కాదు. ఇంతకన్నా రాస్తే బాగుండదు.

తమ్ముడు


ఏప్రిల్ 30

తమ్ముడూ,

నేను సిగ్గుపడుతున్న మాట నిజమే. ఆ కొట్టును చూసి కాదు. కూర్చుని చదువు.

ఆ రిపోర్టు రాసింది నేనే.

మా ఆఫీసు రిపోర్టుల మీద మనిషి పేరు ఉండదు, ముద్ర ఉంటుంది. అందుకే మీకెవరికీ తెలియలేదు. ఆ వాలు మన్ను మా ప్రయోగశాలకు వచ్చినప్పుడు డబ్బా మీద వీధి పేరు చూశాను. పిన్ని వీధి. నా చేతులతో నేనే పరీక్షించాను. ఆ మన్ను అలా కూర్చుని ఉన్నంతసేపు బంగారం. అదిరిందా, జారుతుంది. మొదట రాసిన రిపోర్టులో అదే రాశాను. 'ఈ వాలు మన్ను అదిరితే జారిపోతుంది. ఇక్కడ బరువైన యంత్రాలు నడపకూడదు' అని. ఎవరు చదివినా అర్థమయ్యేలా.

మా పెద్ద ఇంజనీరు దాన్ని చదివి నవ్వాడు. కసురుకోలేదు, బెదిరించలేదు. 'ఇలా రాస్తే రేపు జనమంతా మన గుమ్మంలో కూర్చుంటారమ్మా, కొంచెం శాస్త్రీయంగా రాయండి' అన్నాడు. నేను బల్ల దగ్గరికి వచ్చి ఇలా మార్చాను: 'మన్నులో థిక్సోట్రొపీ లక్షణం గమనించబడినది. నిర్మాణ సమయమున తగు జాగ్రత్తలు వాంఛనీయం.' రాశాక నాకు ఎంత తృప్తిగా అనిపించిందో నీకు చెప్పాలి, లేకపోతే ఈ ఉత్తరం కూడా ఆ రిపోర్టులాగే అవుతుంది. ఒక్క మాట కూడా అబద్ధం లేదు. ఎవరూ నన్ను తప్పుపట్టలేరు. ఆయనకు కోపం రాలేదు, నా చదువుకు మచ్చ రాలేదు. పాము చావలేదు కానీ కర్ర మాత్రం భద్రంగా ఉంది.

పిన్నికి నోటితో చెబుదాం అనుకున్నాను. వచ్చే ఆదివారం, ఆ పై ఆదివారం అనుకుంటూ పోయాను. వెళ్ళి ఏమని చెప్పాలి? నీ ఇంటి కింద మన్ను జారేది, ఆ సంగతి నేను రాశాను, నీకు అర్థం కాకుండా రాశాను అని చెప్పాలి. ఆ మూడోది నోటికి రాదు. మాట చెప్పకుండా మొహం చూపించలేను కాబట్టి వెళ్ళడమే మానేశాను. ఆవిడేమో తన చేతి బొబ్బలు చూసి నేను సిగ్గుపడుతున్నానని అనుకుంటోంది.

రిపోర్టు సరిదిద్దమని నిన్న పెద్ద ఇంజనీరును అడిగాను. ఆ ఫైలు మూసేశామన్నాడు. పై ఆఫీసుకు రాశాను. వాళ్ళు కదిలేసరికి యంత్రం వచ్చేస్తుంది. నువ్వు వెళ్ళు. నీకు ఒక రాత్రి రైలు ప్రయాణం, అంతే. సంతకాలు వెనక్కి తీసుకోమని చెప్పు. నీ మాట అక్కడ చెల్లుతుంది, గేటు మీదే ఉంది కదా. నా పేరు చెప్పాలనిపిస్తే చెప్పు.

మొహం చెల్లని అక్క


మే 7

అక్కా,

వెళ్ళాను. చెప్పలేదు.

ముందు నీ మీద కారాలు మిరియాలు నూరుకుంటూ రైలెక్కాను. సగం దారిలో సంచిలోంచి మా ఆఫీసు పెద్ద డిక్షనరీ పేజీ నకలు తీశాను, పిన్నికి చూపించి నమ్మించాలని. ఆ మాట కింద పుట్టుక ఒక వరుసలో ఉంది. దాని కింద అర్థం ఉంది. దాని కింద ఇంకా చిన్న అక్షరాల్లో 'కొన్ని బంకమన్నులు అదిరినప్పుడు పట్టు కోల్పోయి ప్రవహించే గుణం' అని ఉంది. అక్కా, పిన్ని అడిగిన రోజు కూడా నా ముందు ఇదే పేజీ ఉంది. నేను పుట్టుక దగ్గరే ఆగిపోయాను. అది అంత బాగుంటే ఇంక కిందికి ఎందుకు చదవాలి అనిపించింది. ఇంటి కింద మన్ను గురించి ఒక మనిషి అడిగితే, గ్రీకులో తాకడాన్ని ఏమంటారో చెప్పి పంపాను. పైగా అరుదైన గుణం అన్నాను. అరుదైనది అంటే మంచిదే కదా అని వాళ్ళు అనుకోక ఏమనుకుంటారు?

గేటు దగ్గర దిగగానే ఆ నీలం అక్షరాలు కనిపించాయి. ఎంత పెద్దగా రాయించాడో. సెక్రటరీ ఎదురొచ్చి నా చెయ్యి పట్టుకుని అందరికీ చూపించాడు. 'మన నేలకు పేరు పెట్టింది ఈ బాబే' అన్నాడు. కుర్చీ వేశారు. ఒకావిడ తన మనవరాలికి కూడా ఒక కొత్త పేరు కట్టి పెట్టమంది. చూద్దాం అన్నాను. తర్వాత పిన్నితో ఒక్కదానితోనైనా చెబుదాం అనుకున్నాను. పిన్ని కొట్టు తలుపు దగ్గరికేసి నాకు అన్నం పెట్టింది. నేను తింటుంటే ఎదురుగా కూర్చుని, నా వల్ల తనకు కాలనీలో ఎంత గౌరవం వచ్చిందో చెబుతోంది. నీళ్ళ పంపు దగ్గర ఇప్పుడు ఆవిడకు వరుస ఇచ్చేస్తున్నారట. కొట్టు వెనక గోడను చేత్తో తడిమి చూశాను. 'ఏంట్రా, సున్నం అంటుతుంది' అంది. ఏం లేదు పిన్నీ అన్నాను.

సాయంత్రం బండికి తిరిగొచ్చేశాను. రాసింది నువ్వు. మన్ను తెలిసింది నీకు. నువ్వే వెళ్ళాలి. నేను చెబితే ఎవరూ నమ్మరు అని నాకు నేను చెప్పుకున్నాను. అది కూడా నిజం కాదు. నమ్ముతారనే భయపడ్డాను.

సిగ్గులో నీకు తోడు,
తమ్ముడు


మే 12

తమ్ముడూ,

నీ ఉత్తరం ఇప్పుడే అందింది. నువ్వు చెప్పి ఉంటావనే ధీమాతో ఇన్నాళ్ళూ నేను హాయిగా నిద్రపోయాను. నువ్వేమో నేను వెళ్తానని ఉత్తరం పోస్టులో వేసి నిద్రపోయి ఉంటావు. మనిద్దరం ఒకరి భుజం మీద ఒకరం మూట పెట్టుకుంటూ కూర్చున్నాం. ఆ ఇంట్లో నిద్రపోతోంది ఆవిడ.

బీరువాలో ఆ వాలు మన్ను సీసా ఒకటి మిగిలింది. దాన్ని తీసుకుని బయలుదేరుతున్నాను. సెలవు చీటీ కూడా రాయలేదు.

అక్క


మే 16

తమ్ముడూ,

పిన్ని ప్రాణానికి ఏమీ కాలేదు. ఎవరికీ ఏమీ కాలేదు. అది ముందు రాస్తున్నాను.

నేను వెళ్ళేసరికే యంత్రం వచ్చేసింది. అనుకున్నదానికన్నా ముందే తెచ్చారు. ఒక స్తంభం దిగగొట్టడం అయిపోయి, రెండోదాన్ని నిలబెడుతున్నారు. పిన్ని కొట్టు వెనక గోడ పై నుంచి కింద దాకా చీలింది. అందులో నా వేళ్ళు దూరాయి. పిన్ని ఆ చీలికకు అట్టముక్క అడ్డం పెట్టి ఇస్త్రీ చేసుకుంటోంది. నన్ను చూసి పెట్టె పక్కన పెట్టి, చేతులు చీరకు తుడుచుకుని, 'వచ్చావా' అంది.

నేను అందర్నీ పిలవమన్నాను. సెక్రటరీ వచ్చాడు, యంత్రం నడిపే అతనూ వచ్చాడు, ఆ వరుస ఇళ్ళవాళ్ళంతా వచ్చారు. పిన్ని ఇస్త్రీ బల్ల మీద సీసా పెట్టి, ఇది మీ వాలు మన్ను అని చెప్పాను. మూత తీసి బోర్లించాను. పడలేదు. ఎవరో శభాష్ అన్నారు. మళ్ళీ నిలబెట్టి బల్లకేసి కొట్టాను. బోర్లించాను. మన్నంతా జారి, మడతపెట్టిన బట్టల పక్కనుంచి పారి, బల్ల అంచు నుంచి పిన్ని కాళ్ళ దగ్గర బుట్టలో ఉన్న పంచె మీద పడింది. యంత్రం నడిపే అతను ఎవరినీ అడక్కుండా వెళ్ళి దాన్ని ఆపేసి తాళం చెవి తెచ్చి జేబులో వేసుకున్నాడు.

సెక్రటరీ ఆ మన్నును చెప్పు కొసతో కదిపి చూశాడు. 'మరి రిపోర్టులో ఈ సంగతి రాయలేదేంటమ్మా?' అన్నాడు. రాశాను, ఆ మాటకు అర్థం ఇదే అన్నాను. రాశాను అనగానే పిన్ని తల తిప్పి నా వంక చూసింది. సెక్రటరీ కోపంగా కాదు, నిజంగా తెలియక అడుగుతున్నట్టు అడిగాడు, మాకు తెలిసే మాట ఏదీ దొరకలేదా అని. మా పెద్ద ఇంజనీరు అలా రాయమన్నాడని మొదలుపెట్టాను. సగంలో నా గొంతు నాకే రోత పుట్టింది. ఆపేశాను.

అప్పుడు పిన్ని అడిగింది. 'నాకు తెలియకూడదనే ఆ మాట పెట్టావా?'

'అవును పిన్నీ' అన్నాను.

ఆవిడ కిందికి వంగి మన్ను పడిన పంచెను తీసి, దులిపి, విడిచిన బట్టల్లో వేసింది. మిగిలిన బట్టలన్నీ ఎవరి మూట వాళ్ళకు కట్టి ఇంటింటికీ ఇచ్చి వచ్చింది. ఆ రోజు ఇవ్వాల్సినవి ఆ రోజే ఇచ్చింది. నేను అక్కడే నిలబడి ఉన్నాను. ఎవరైనా నన్ను నాలుగు తిడితే బాగుండును అనిపించింది. ఎవరూ తిట్టలేదు. నీ గురించి కూడా చెప్పాను. 'ఆ బాబు కూడానా' అన్నాడు సెక్రటరీ, అంతే.

వాలు వెంబడి ఉన్న వరుస ఖాళీ చేయించారు. ఆ స్తంభాన్ని పీకడానికి కూడా భయపడి అలాగే వదిలేశారు. కొట్టు మూసేశారు, ఇక తెరవరు. ఆ వరుసలో మిగతావాళ్ళంతా తలో చోటికీ పోయారు. పిన్నిని నా దగ్గరికి తీసుకొచ్చాను. బొగ్గుల పెట్టె ఒక్కటి పట్టుకొచ్చింది.

మేం వచ్చే ముందు సెక్రటరీ తనే నిచ్చెన వేసుకుని గేటు మీద సున్నం కొడుతున్నాడు. ఒక పూత వేసినా నీలం పైకి కనిపిస్తూనే ఉంది.

అక్క


జూన్ 20

అక్కా,

ఇన్నాళ్ళూ ఏం రాయాలో తెలియలేదు. మాటల ఆఫీసులో ఉంటూ ఈ మాట అనడం నవ్వులాటగా ఉంది.

కమిటీ ముందు నా స్పర్శావర్తనం వెనక్కి తీసుకున్నాను. ఎందుకని అడిగారు. నిలబడి జరిగిందంతా చెప్పాను, గేటు సంగతితో సహా. చెబుతుంటే చెవులు కాలిపోయాయి. రసాయనం పెద్దాయన కళ్ళజోడు తుడుచుకుంటూ ఉండిపోయాడు. సూపరింటెండెంటు మాత్రం, అలాంటి మాటలు మన పుస్తకంలో ఇంకెన్ని ఉన్నాయో అన్నాడు. అచ్చయిన సంపుటాలు గోడ వారగా పేర్చి ఉన్నాయి. అందరం ఒకసారి అటు చూశాం. ఆ రోజు మళ్ళీ పని సాగలేదు.

కొత్తగా రాసింది కింద పెడుతున్నాను. పుట్టుకను చివరికి నెట్టాను.

'థిక్సోట్రొపీ: జారుగుణం. కదపనంతసేపు గట్టిగా ఉండి, ఊపినా, కొట్టినా, అదిరినా నీళ్ళలా జారి, వదిలేస్తే మళ్ళీ గట్టిపడటం. కొన్ని రంగులకూ కొన్ని బంకమన్నులకూ ఈ గుణం ఉంటుంది. ఇలాంటి మన్ను మీద ఇళ్ళు ఉన్నచోట పెద్ద యంత్రాలు నడిపితే ఇళ్ళు కూలవచ్చు. గ్రీకులో తాకడం, తిరగడం అనే మాటల నుంచి పుట్టింది.'

పదకోశంలో ఇళ్ళు కూలడం ఎందుకని వైద్యం ఆయన గునిశాడు. ఉండనివ్వండి అన్నాను, ఉంచారు. దీన్ని పిన్నికి చదివి వినిపించు. ఆవిడకు అర్థం కాని మాట ఒక్కటి ఉన్నా తీసేస్తాను. ఆవిడకు విడిగా ఉత్తరం రాయాలని రోజూ కాగితం తీస్తున్నాను. 'పూజ్యురాలైన పిన్నికి' అని రాసి ఆగిపోతున్నాను. మీ ఆఫీసు సంగతి ఏమైంది? పిన్ని నీతో మాట్లాడుతోందా?

తమ్ముడు


జులై 1

తమ్ముడూ,

ఆఫీసు నన్ను వివరణ అడిగింది. ఒక పేజీ రాసిచ్చాను. ఎవరు చదివినా అర్థమవుతుంది. పెద్ద ఇంజనీరు నాతో మాట్లాడటం లేదు. ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో ఇంకా తేల్చలేదు.

పిన్ని మాట్లాడుతుంది. ఎందుకు మాట్లాడదు. కూరలో ఉప్పు సరిపోయిందా అంటుంది. వాన వచ్చేలా ఉంది, బట్టలు తియ్యమంటుంది. నా బట్టలన్నీ ఇస్త్రీ చేసి పెడుతోంది, వద్దన్నా వినదు. బొగ్గులు దొరక్క కరెంటు పెట్టె వాడుతోంది. దీనికి బరువు లేదు అని దాన్ని తిడుతుంది. నన్ను మాత్రం ఒక్కసారి కూడా తిట్టలేదు. బయట నుంచి చూసినవాళ్ళకు ఇద్దరం హాయిగా ఉన్నాం అనిపిస్తుంది.

పిన్ని కూడబలుక్కుని చదవగలదు, పెద్ద అక్షరాలతో రాయగలదు, కానీ చిన్న అక్షరాలు ఇప్పుడు కళ్ళకు ఆనడం లేదు. మోకాళ్ళ నొప్పికి డాక్టరు మందు రాసిస్తే, ఎలా వేసుకోవాలో చూస్తానని నేను చెయ్యి చాపాను. ఆవిడ చీటీని మడిచి బొడ్డులో దోపుకుని, మెట్లు దిగి, కింది వాటాలో ఉండే నర్సమ్మ దగ్గరికి వెళ్ళి చదివించుకుని వచ్చింది. నొప్పి ఉన్న మోకాళ్ళతోనే దిగింది. ఖాళీ చేసిన ఇళ్ళ గురించి కాలనీ నుంచి నోటీసు వస్తే అదీ అంతే. చివరికి నూనె డబ్బా మీద ఏం రాసి ఉందో కూడా నర్సమ్మనే అడుగుతోంది. ఇంట్లో నేను ఉన్నాను. మట్టి డాక్టరమ్మను.

నీ ఉత్తరం వచ్చిన రోజు, తమ్ముడు నీకు చదివి వినిపించమన్నాడు అని చెప్పాను. చేతులు తుడుచుకుని కాగితం తీసుకుంది. నేను సంతోషించి పక్కన కూర్చున్నాను. ఆవిడ లేచి కిందికి వెళ్ళింది. చాలాసేపటికి వచ్చి, అంతా అర్థమైంది, తీసెయ్యాల్సిన మాట ఏదీ లేదు, బాగుందని వాడికి రాయి అంది. ఇంకోటి కూడా చెప్పమంది. పూజ్యురాలు అక్కర్లేదట, ఊరికే పిన్నీ అని రాయమంది.

ఇక ఆగలేక అడిగేశాను, నేను ఇక్కడే ఉన్నాను కదా పిన్నీ, నేను చదివేదాన్ని కదా అని. ఆవిడ నా జాకెట్టు మడత పెడుతోంది. తలెత్తలేదు. కోపం కూడా లేదు గొంతులో.

'నువ్వు చదివితే అన్నీ బాగున్నట్టే ఉంటుందమ్మా' అంది.

అప్పటి నుంచీ ఆ మాట నా చెవిలోనే ఉంది. నేను రాసిన దాంట్లో తప్పు చూపించమని ప్రపంచంలో ఎవరినైనా అడగగలను, ఆవిడను తప్ప. ఆవిడ చూపించింది.

ఈ ఉత్తరం రాయడం అయిపోయింది. కవరు అంటించడం లేదు. పిన్ని చేతికిచ్చి, ఇందులో నీ గురించే ఉంది, చదివించుకో అని చెబుతాను. నర్సమ్మ చదివి వినిపించి పైకి పంపాక, అప్పుడు నీకు పోస్టు చేస్తాను. ఆలస్యమైతే ఏమీ అనుకోకు.

అక్క